కేసు వెనక్కి తీసుకుంటేనే చెక్కు అంటున్నారు, తీసుకోవాలా?

పాతబస్తీ దుకాణదారు:
తాతగారి కాలం నాటి మా దుకాణం రోడ్డు విస్తరణలో సగానికి పైగా పోతోంది. పరిహారం తేల్చకుండానే గోడ మీద ఎర్రగీత గీశారు. ముగ్గురు అన్నదమ్ములం కలిసి హైకోర్టులో రిట్ వేసి స్టే తెచ్చుకున్నాం. ఇప్పుడేమో కేసు వెనక్కి తీసుకుని అంగీకారపత్రం మీద సంతకం పెడితే చెక్కు ఇస్తామంటున్నారు. అన్నయ్య సరేనంటున్నాడు. నాకు మనసొప్పడం లేదు.

మలక్‌పేట మాస్టారు:
తీసేసుకోండి. రోడ్డు ఎలాగూ ఆగదు. పాతబస్తీ మెట్రో మార్గంలో గజానికి 81 వేలు ప్రకటించాక ఎంతోమంది చెక్కులు అందుకున్నారు. కేసు నడిచినన్నాళ్లూ ఆ దుకాణాన్ని కొనేవాడు రాడు, మరమ్మతు చేయించడానికి మీకూ చేయి రాదు.

విశ్రాంత గుమాస్తా:
మాస్టారూ, ఆ 81 వేలు మెట్రో కోసం సేకరించిన ఆస్తులకు. వీరి వీధికి అదే ధర కడతారని ఎవరు చెప్పారు?

దుకాణదారు గారూ, ముందు కేసు వెనక్కి తీసుకుంటామని కోర్టుకిచ్చే మెమో చదవండి. మళ్లీ వేసుకునే స్వేచ్ఛ కోరకుండా రిట్ ఉపసంహరించుకుంటే, అదే విషయంపై హైకోర్టులో మరో రిట్ కుదరదని సర్‌గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు 1986లోనే చెప్పింది. రేపు చెక్కు రాకపోతే మళ్లీ ఆ తలుపు తట్టలేరు.

ఇక అంగీకారపత్రం. 2013 భూసేకరణ చట్టం ప్రకారం అవార్డు, అంటే పరిహారం తేల్చే ఉత్తర్వు, ఇస్తే మార్కెట్ విలువ మీద నూరు శాతం సొలేషియం, అంటే బలవంతంగా తీసుకున్నందుకు ఇచ్చే అదనపు సొమ్ము, కలుస్తుంది. అదీ చాలదనుకుంటే 64వ సెక్షన్ కింద రిఫరెన్స్, అంటే పరిహారం వివాదాన్ని తేల్చే అథారిటీకి పంపమని, కోరవచ్చు. అయితే డబ్బు తీసుకునేటప్పుడే అభ్యంతరంతో తీసుకుంటున్నామని రాయాలి. రాయనివారికి ఆ అవకాశం ఉండదని 77వ సెక్షన్ చెబుతోంది. అంగీకారపత్రం అడిగేది ఆ దారి మూయడానికే. ధర నచ్చితే మూసుకోండి, తప్పేమీ లేదు. కానీ గజం ధర, కట్టడం విలువ రాయని కాగితం మీద సంతకమా!

ఇంకొకటి, ముగ్గురూ పిటిషనర్లే కాబట్టి అన్నయ్య ఒక్కరే మీ అందరి తరఫున కేసు తీసేయలేరు.

అత్తాపూర్ గృహిణి:
ఇచ్చేది చెక్కేనా, టీడీఆర్ పత్రమా (డబ్బుకు బదులుగా ఇచ్చే, ఇతరులకు అమ్ముకోదగ్గ అదనపు నిర్మాణ హక్కు)? అడిగి రాయించుకోండి. ఆ పత్రం అమ్ముడుపోతేనే డబ్బు. కొనేది బిల్డరు, ధర చెప్పేదీ ఆయనే.

మలక్‌పేట మాస్టారు:
చట్టం బాగానే చెప్పారు గుమాస్తా గారూ. ఈలోగా ముగ్గురన్నదమ్ములు పదిమంది వారసులవుతారు. అప్పుడు సంతకాలకు ఎవరిని ఎక్కడ వెతకాలి?

విశ్రాంత గుమాస్తా:
కేసు పట్టుకుని కూర్చోమని నేనూ అనడం లేదు. మొత్తం, చెల్లింపు గడువు ప్రభుత్వ న్యాయవాది చేత కోర్టులోనే చెప్పించి, ఉత్తర్వులో నమోదయ్యాక కేసు ముగించుకోమంటున్నాను. అప్పుడు మాట తప్పితే కోర్టు ధిక్కారం కింద అడగవచ్చు.

పాతబస్తీ దుకాణదారు:
మెమో తెప్పించి చూశాను. స్వేచ్ఛ మాటే లేదు. అంగీకారపత్రంలో పోయే గజాల దగ్గర ఖాళీ వదిలారు. అన్నయ్యకు చూపిస్తే కలం పక్కన పెట్టాడు. సోమవారం ముగ్గురం వకీలు దగ్గరికి వెళ్తున్నాం.

మలక్‌పేట మాస్టారు:
ఖాళీయా? అయితే వెళ్లేలోగా లైసెన్సు ఉన్న సర్వేయరు చేత మీరే కొలిపించుకోండి. నేను తీసుకోమన్నది చెక్కు, ఖాళీ కాగితం కాదు.