‘ఓల్డ్‌బాయ్’ 4కెలో చూడటం దండగా?

బెజవాడ_బాబి: 2003లో పార్క్ చాన్-వుక్ తీసిన కొరియన్ సినిమా ‘ఓల్డ్‌బాయ్’ 4కె (మామూలు హెచ్‌డీకి నాలుగు రెట్లు పిక్సెళ్లుండే) డిస్క్ తెప్పించా. కేన్స్‌లో గ్రాండ్ ప్రీ అవార్డు కొట్టిన సినిమా కదా అని ఆశగా పెడితే, గోడల మీదంతా చీమలు పాకుతున్నట్టు గ్రెయిన్ (ఫిల్మ్ మీది సన్నటి నలుసులు)! రంగులు కూడా ఆకుపచ్చగా, పాచిపట్టి ఉన్నాయి. ఓటీటీలో చూసిందే ఇంతకన్నా నీట్‌గా ఉంది. పాత సినిమాలకి 4కె దండగ అంటాను. కాదనేవాళ్లు చెప్పండి.

రీలు_రాజు: బాబి గారూ, అది 35 ఎంఎం ఫిల్మ్ మీద తీసింది. పైగా ల్యాబ్‌లో బ్లీచ్ బైపాస్ చేశారు. అంటే ఫిల్మ్ కడిగేటప్పుడు అందులోని వెండిని మొత్తం తీసేయరు. దాంతో నలుపు చిక్కబడుతుంది, రంగులు వెలిసిపోతాయి, గ్రెయిన్ పైకి తేలుతుంది. ఛాయాగ్రాహకుడు చుంగ్ చుంగ్-హూన్ కావాలని తెచ్చిన రూపమే అది. ఓటీటీలో డేటా తక్కువ కాబట్టి కంప్రెషన్‌లో గ్రెయిన్ కొట్టుకుపోతుంది, దాంతోపాటే మొహం మీది ముడతలూ పోతాయి. మీరు నీట్ అంటున్నది దాన్నే.

హోమ్‌థియేటర్_హరి: నా గొడవ వేరే. కారిడార్ ఫైట్‌లో హీరో వీపులో దిగిన కత్తి గ్రాఫిక్స్. డీవీడీ రోజుల్లో ఎవరం పట్టించుకోలేదు. ఇప్పుడు అతికించినట్టు తెలిసిపోతోంది. మరీ స్పష్టంగా చూపిస్తే టెన్షన్ ఏముంటుంది?

రీలు_రాజు: కత్తి సంగతి ఒప్పుకుంటా అన్నా. కానీ అదే షాట్‌లో మిగతాది చూడు. మూడు రోజుల్లో 17 టేకులు తీశారట. కట్ లేదు, కెమెరా పక్కనే నడుస్తూ పోతుంది. హీరో చోయ్ మిన్-సిక్ ఆయాసం నటన అనిపించదు. కొట్టడానికొచ్చిన గుంపు కూడా రొప్పుతూ, మళ్లీ మీద పడటానికి జంకుతుంది. చివర్లో లిఫ్ట్ తలుపు తెరుచుకుని ఇంకో గుంపు కనిపిస్తే అతను నవ్వే నవ్వు ఉంది చూడు, దాని కోసమైనా మంచి ప్రింట్ కావాలి.

అసలు దొంగ డిస్క్ కాదు, టీవీ. సినిమా సెకనుకి 24 ఫ్రేములు. మోషన్ స్మూతింగ్ ఆన్‌లో ఉంటే టీవీ మధ్యలో సొంత ఫ్రేములు పుట్టిస్తుంది. ఇలా కెమెరా పక్కకి జరిగే షాట్‌లో దెబ్బకి బరువే ఉండదు. అది ఆపేసి, షార్ప్‌నెస్ బాగా తగ్గించి, ఫిల్మ్‌మేకర్ మోడ్ (సినిమాని తీసింది తీసినట్టే చూపే టీవీ సెట్టింగ్) పెట్టి చూడండి.

బెజవాడ_బాబి: సెట్టింగులు మారుస్తా సరే. ఆ ఆకుపచ్చ మాత్రం నాకు ఎక్కదు. డైరెక్టర్ కావాలని చేసినంత మాత్రాన మనకి నచ్చి తీరాలా?

నిడదవోలు_నాని: నాది 43 అంగుళాల టీవీ, సోఫా పది అడుగుల దూరం. 4కె కొనాలా, మామూలు బ్లూరే (హెచ్‌డీ డిస్క్) చాలా?

రీలు_రాజు: అంత దూరం నుంచి పిక్సెళ్ల తేడా కంటికి ఆనదు. బ్లూరే తీసుకో తమ్ముడూ.

హోమ్‌థియేటర్_హరి: హెచ్‌డీఆర్ (వెలుగునీడల తేడా ఎక్కువగా చూపే పద్ధతి) ఉంటే చీకటి సీన్లలో తేడా తెలుస్తుంది రాజూ, అంత తేలిగ్గా తీసెయ్యకు. నానీ, ముందు నీ టీవీ మోడల్ చెప్పు.