సంగీతమా, సౌండ్ డిజైనా? రెండూ ఒక్కరే చేస్తే పని దొరుకుతదా?

అన్నలూ, అక్కలూ, నమస్తే. మాది నల్గొండ జిల్లా హాలియా. డిగ్రీ అయిపోయింది. పెళ్ళిళ్ళల్ల కీబోర్డ్ వాయిస్తా. దోస్తుల షార్ట్ ఫిల్మ్‌లకు బ్యాక్‌గ్రౌండ్ స్కోర్, సౌండ్ డిజైన్ (అంటే సీన్‌ల ఇనపడే చప్పుళ్ళు కూర్చుడు) రెండూ నేనే చేస్తున్న. పైసలు రావు, బిర్యానీ వస్తది.

మొన్న సాగర్ గేట్లు ఎత్తితే పోయి నీళ్ళ హోరు రికార్డ్ చేసిన. దాని అడుగున ఒక గుమ్మనే మోత ఉంది. ఫోన్‌ల అసలే ఇనపడది, పెద్ద స్పీకర్ల పెడితే ఛాతిల తాకుతది. ఒక షార్ట్ ఫిల్మ్ సీన్‌ల దాన్నే శ్రుతి లెక్క పట్టి, మీద ఒగ్గు డోలు ఒక్కటే వేసిన. డైరెక్టర్‌కు నచ్చింది గని, రేపు వేరే భాషల డబ్బింగ్‌కు మాటలు, సంగీతం, ఎఫెక్టులు వేరువేరుగ ఇయ్యాలె గద. ఈ మోతను ఏ ట్రాక్‌ల పెట్టాలె?

ఇంక అసలు సంగతి. హైదరాబాద్‌ల ఒక స్టూడియో వాళ్ళు ఏడాది జీతం లేకుండ అసిస్టెంట్‌గా చెయ్యమంటున్నరు. ఫీల్డ్‌ల ఇది మామూలేనా? లేకపోతే పుణెల ఉన్న సర్కారు ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐల సౌండ్ కోర్సుకు ఎంట్రెన్స్ రాయాల్నా? 2009ల సౌండ్‌కు ఆస్కార్ తెచ్చిన రసూల్ పూకుట్టి అక్కడనే చదివిండని ఇంట్ల చెప్తే, మా నాయిన "ఆస్కార్ సంగతి తర్వాత, ముందుగాల కిరాయి ఎవరు కడతరు" అన్నడు. ఆయన అడిగిందీ నిజమే.

షోరీల్ (చేసిన పని చూపెట్టే నమూనా వీడియో) పంపేటప్పుడు సంగీతం, సౌండ్ కలిపి పంపాల్నా, వేరువేరుగనా? రెండూ చేస్తనంటే ఏదీ సరిగ్గ రాదనుకుంటరని ఒకాయన భయపెట్టిండు. పనిల ఉన్నోళ్ళు జర చెప్పుండ్రి.