కాపలా లేని సోనా జైలు నమ్మదగినదేనా?

ప్రశ్న:
అమెరికన్ టీవీ సీరియల్ ‘ప్రిజన్ బ్రేక్’ మూడో సీజన్ మళ్లీ చూస్తున్నాను. పనామాలోని సోనా జైల్లో అల్లర్లు జరిగాక కాపలావాళ్లు లోపలికి రావడమే మానేసి, కంచె అవతల తుపాకులతో నిలబడి, దాటబోయినవాణ్ణి కాల్చడం వరకే తమ పనిగా పెట్టుకుంటారు. లోపల లెచెరో అనే మాదకద్రవ్యాల వ్యాపారిదే రాజ్యం. ఒక ప్రభుత్వం తన జైలును ఇలా ఖైదీలకే వదిలేయడం జరిగే పనేనా? మొదటి సీజన్‌లోని ఫాక్స్ రివర్ జైలును మారు మాట లేకుండా నమ్మాను. ఇక్కడ మాత్రం ఏదో వెలితిగా ఉంది, అదేమిటో అంతుపట్టడం లేదు.

జవాబు 1:
జరిగిందే. బొలీవియాలో, లాపాజ్ నగరంలోని సాన్ పెడ్రో జైల్లో ఖైదీలే తమ విభాగాలకు ప్రతినిధులను ఎన్నుకున్నారు, గదులను డబ్బిచ్చి కొనుక్కున్నారు, భార్యాబిడ్డలతో లోపలే కాపురాలు పెట్టారు. వెనిజువెలాలోని తొకొరోన్ జైలు ‘త్రెన్ దె అరాగువా’ ముఠాకు స్థావరంగా ఉండేది. 2023 సెప్టెంబరులో 11,000 మంది సైనికులు, పోలీసులు వెళ్లి దాన్ని స్వాధీనం చేసుకున్నప్పుడు లోపల ఈతకొలను, డిస్కో, జంతుప్రదర్శనశాల కూడా కనిపించాయి. సీరియల్‌లో ఇవన్నీ పెట్టి ఉంటే, మరీ అతి చేశారని మనమే అనేవాళ్లం.

జవాబు 2:
పై జవాబుతో ఏకీభవిస్తాను కాని, సోనాను అరాచకం అనడం నాకు సరిగ్గా తోచదు. అక్కడ చట్టం ఉంది, కాకపోతే అది లెచెరో చట్టం. ఇద్దరికి పేచీ వస్తే కోడికాలు సవాలుకు గుర్తు. ఆపైన అందరి ఎదుటా ఒట్టి చేతులతో, ఒకడు చచ్చేదాకా పోరాటం. కోడికాలు చేతికందినవాడి ముఖం చూస్తే చాలు, ఆ శాసనం ఎంత గట్టిదో తెలుస్తుంది. కథ తప్పటడుగు వేసింది ఆ తర్వాతే. వెనిజువెలా జైళ్లలో ‘ప్రాన్’ అనే నాయకుడు ఖైదీల దగ్గర క్రమం తప్పకుండా ‘కౌసా’ అనే కప్పం వసూలు చేసేవాడు, అతని పెత్తనమంతా ఆ డబ్బు మీదే నిలిచేది. సోనాలో లెచెరోకు పైఅంతస్తు గది, టీవీ, ఫోను ఉన్నాయని చూపించారే గాని, ఎవరు ఎంత కట్టాలో, కట్టలేనివాడు ఎక్కడ పడుకుంటాడో చూపించడానికి ఓపిక పట్టలేదు.

జవాబు 3:
తీరిక లేకపోవడమూ ఒక కారణమే. 2007 నవంబరులో మొదలైన హాలీవుడ్ రచయితల సమ్మె వల్ల ఆ సీజన్ 13 భాగాలతోనే ముగిసింది. తొలి రెండు సీజన్లకూ చెరి 22 భాగాలు దక్కాయి. అయినా మొత్తం నేరం సమ్మె మీదకు నెట్టను, ఎందుకంటే జైలు నుంచి పారిపోయే కథకు గోడ ఎంత అవసరమో గడియారం అంత అవసరం. ఫాక్స్ రివర్‌లో ఖైదీల లెక్కింపు వేళలు, పని వేళలు, గదులకు తాళాలు పడే వేళలు ఉండేవి.

ప్రశ్న అడిగినవారు:
నాకు అంతుపట్టని వెలితి ఇదేనండీ. అక్కడ లెక్కింపు వేళకు కథానాయకుడు మైకేల్ తన గదికి తిరిగి చేరతాడో లేదో అని ఊపిరి బిగబట్టి చూశాను. సోనాలో అతను రాత్రంతా కనబడకపోయినా, తలలు లెక్కపెట్టే వార్డరే లేడు.