సమస్య: కూర రుచికి మెచ్చి కొమ్మ యేడ్చె

నిర్వాహకుడు: ఈ వారం ఆటవెలది, నాలుగు పాదాల పద్యం. నాలుగో పాదం పైన ఇచ్చాను, మిగతా మూడూ రాసి పద్యం పూరించడం మీ పని. కొమ్మ అంటే ఇక్కడ ఆడమనిషి. పురాణమైనా సరే, మీ వీధిలో సంగతైనా సరే. చిక్కల్లా ఒకటే: రుచికి మెచ్చినామె ఏడవడం ఎందుకు?

పచ్చిమిర్చి:

గుంటురూరి మిరప గుప్పించి వండిన
వేపుడందు చేయి వేసినంత
మంట నోట నిండ మజ్జిగ కోసమై
కూర రుచికి మెచ్చి కొమ్మ యేడ్చె

నిర్వాహకుడు: కారం వస్తుందని నాకు ముందే తెలుసు, ఎప్పుడూ మొదట వచ్చేది అదే. నడక బాగుంది. గణాల (పాదంలో అక్షరాల కొలత) కోసం గుంటూరును పిండి "గుంటురూరి" చేశారు, ఆ ఊరివాళ్లు చూస్తే ఊరుకోరు. అసలు లోపం వేరే. మజ్జిగ కోసం ఏడ్చింది, ఒప్పుకుంటాను. మెచ్చింది ఎక్కడండీ? ఆ మాట మీ పద్యంలో గాలిలో ఉండిపోయింది.

పచ్చిమిర్చి: మా ఇంట్లో ఏడుస్తూనే మెచ్చుకుంటారండీ!

గరిటెధారి: నాది విరాటపర్వం. సైరంధ్రి వేషంలో ద్రౌపది, వంటవాడు వలలుడి వేషంలో భీముడు.

విరటు కొలువునందు వెలది సైరంధ్రికి
వలలుడంపె నొక్క వంటకంబు
భర్త చేయి తెలిసి భారమౌ డెందాన
కూర రుచికి మెచ్చి కొమ్మ యేడ్చె

మూడోపాదం: "భర్త చేయి తెలిసి" దగ్గరే ఇబ్బంది, గరిటెధారి గారూ. వలలుడు భీముడేనని ద్రౌపదికి మొదటి రోజునుంచీ తెలుసు. కొలువులో చేరకముందే ఎవరు ఏ వేషం కట్టాలో అందరూ కలిసి అనుకున్నారు. కీచకుడి బాధ పడలేక రాత్రివేళ వంటశాలకు వెళ్లి భీముణ్ణి లేపి ఏడ్చింది కూడా ఆమే. అక్కడ ఏడుపు ఉంది గానీ దానికి కూరతో పనిలేదు.

నిర్వాహకుడు: సరిగ్గా చెప్పారు. పద్యం మాత్రం శుభ్రంగా ఉంది. విరటు, వెలది యతి (పాదం మొదటి అక్షరానికి మధ్యలో రావలసిన జోడీ) హాయిగా కుదిరింది.

కుందేలు: నేను బాహుకుడి వంట తీసుకున్నాను, అంటే మారురూపంలో ఉన్న నలుడి వంట. మంత్రాల వంటవాడంటే అతనే కదా.

వట్టి కుండ జూడ వరదలా నీరొచ్చె
గడ్డి పట్ట నిప్పు పుట్టె నంట
అట్టి వంటవాని యన్నమ్ము దినినంత
కూర రుచికి మెచ్చి కొమ్మ యేడ్చె

నిర్వాహకుడు: రెండో పాదంలో యతి తప్పింది. "గ"కు "పు" కుదరదు, ప్రాసయతీ (రెండో అక్షరాల జోడీ) లేదు. "గడ్డి పట్ట నగ్గి గలిగె నంట" అంటే సరిపోతుంది.

కథ బాగా పట్టుకున్నారు. దమయంతి స్వయంవరంలో దిక్పాలకులు నలుడికి ఇచ్చిన వరాలే ఇవి: కోరిన చోట నిప్పు అగ్నిది, కోరిన చోట నీరు వరుణుడిది, వంటలో రుచి యముడిది. దమయంతి పుట్టినిల్లు కుండినపురంలో, అయోధ్య రాజు ఋతుపర్ణుడి కోసం బాహుకుడు వంటకు దిగినప్పుడు, నలుడి భార్య దమయంతి చెలికత్తె కేశిని చాటునుంచి కనిపెట్టింది. ఖాళీ కుండలవైపు చూస్తే చాలు, నిండిపోయాయి. గుప్పెడు గడ్డి పట్టుకుంటే భగ్గున మండింది.

కానీ గమనించండి, అవన్నీ చూసింది కేశిని. దమయంతి విన్నదంతే. విన్నాక అనుమానం గట్టిపడింది తప్ప ఆమె అక్కడితో ఆగలేదు. అతనికి తెలియకుండా అతను వండిన మాంసం ఒక ముక్క పట్టుకురమ్మని కేశినిని మళ్లీ పంపింది. తెచ్చింది వేడివేడిగా నోట్లో వేసుకున్నాకే ఏడ్చింది. మీ పద్యంలో మాయలు రెండు పాదాలు తినేశాయి, ఏడవడానికి కారణమే మిగల్లేదు. ఎవరు తిన్నా ఏడ్చే వంటలా ఉంది.

కుందేలు: భారతంలో మాంసం కదండీ, కూర అనొచ్చా?

పచ్చిమిర్చి: మటన్ కూర కూర కాదా ఏంటి?

మూడోపాదం: కుందేలు గారు దారి చూపించారు కాబట్టి ధైర్యం చేస్తున్నాను.

కురుచ చేతులైన గుర్రాల వాడైన
నలుడు దాగెగాని నలుని వంట
దాగదనుచు నాల్క తా జెప్పగా విని
కూర రుచికి మెచ్చి కొమ్మ యేడ్చె

గరిటెధారి: అబ్బ! దమయంతి పేరు ఎత్తకుండా దమయంతిని కూర్చోబెట్టారు.

నిర్వాహకుడు: ఈ వారం పూరణ ఇదే. కర్కోటకుడు కాటేశాక మారిన రూపం, అయోధ్యలో గుర్రాల కొలువు, రెండూ మొదటి పాదంలోనే వచ్చేశాయి. క, గ యతి. మూడో పాదంలో "దా"కు "తా". వంకలేదు. అన్నిటికన్నా నాకు నచ్చింది, మాయ ఒక్కటి కూడా వాడకపోవడం. యముడి వరం వంటకు రుచినిచ్చి ఉండొచ్చు. ఇది ఫలానావాడి చేతి వంటే అని చెప్పగలిగింది మాత్రం, మునుపు ఎన్నోసార్లు ఆ చేతి వంట తిన్న ఆమె నాలుకే. "మెచ్చి"కి ఇంతకన్నా బలమైన కారణం ఎవరూ చూపలేదు.

ఒక్క సూచన. "తా జెప్పగా విని" కొంచెం పాతకాలపు వాసన వేస్తోంది, మొదటి పాదం అంత వాడుకలో ఉన్నాక.

మూడోపాదం: మార్చబోతే యతి పోతోందండీ. అలాగే ఉంచేస్తాను.

కుందేలు: తర్వాత పిల్లల్ని కూడా పంపిందిగా, ఇంద్రసేనుణ్ణీ ఇంద్రసేననీ. వాళ్లను చూసి బాహుకుడు కూడా ఏడ్చాడు. దానిమీద ఇంకో సమస్య ఇవ్వండి.

నిర్వాహకుడు: వద్దులెండి, రెండు వారాలు వరసగా ఏడిపిస్తే జనం రారు. వచ్చే వారానికి ఇది పట్టండి: "తలుపు లేని యింట తాళ మేసె". పచ్చిమిర్చి గారూ, కారం లేకుండా.