బాపు పోయాక అమ్మ ఒక్కతే ట్రస్ట్ డీడ్ మార్చగలదా?

హన్మకొండ_చిన్నోడు:
బాపు, అమ్మ కలిసి కొన్నేళ్ల కింద ఫ్యామిలీ ట్రస్ట్ పెట్టారు. నయీంనగర్‌లో బాపు ఇల్లు, కాజీపేటలో అమ్మకు పుట్టింటోళ్లు ఇచ్చిన ప్లాటు అందులో ఉన్నాయి. వాళ్ల తర్వాత అక్కకు, నాకు, చనిపోయిన అన్న కొడుక్కి సమాన వాటాలు. వాడింకా మైనర్. పోయినేడు బాపు చనిపోయారు. తనను చూసుకుంటున్నది అక్కే కాబట్టి ఇల్లు అక్కకు రాస్తానంటోంది అమ్మ. సవరణ పత్రం రిజిస్ట్రేషన్ చేస్తే చాలని డాక్యుమెంట్ రైటర్ అన్నాడట. నిజమేనా? అక్కతో గొడవేం లేదు, రేపు టెన్షన్ వద్దని అడుగుతున్నా.

గిర్మాజీపేట రమ:
పెట్టింది వాళ్లిద్దరే. మార్చే హక్కు ఆమెకు కాక ఇంకెవరికి? మొగుడు పోగానే ఆడమనిషి పిల్లల సంతకాల కోసం ఎదురుచూడాలా?

పాత_గుమాస్తా:
రమమ్మా, మీ మాటలో న్యాయముంది, చట్టం మాత్రం అటు లేదు. 1882 నాటి ఇండియన్ ట్రస్ట్స్ యాక్ట్, సెక్షన్ 78 చూడండి. వీలునామాలో పెట్టిన ట్రస్టునైతే రాసినవాళ్లు బతికుండగా ఎప్పుడైనా రద్దు చేసుకోవచ్చు. డీడ్ రాసి పెట్టినదైతే, రద్దు చేసే అధికారం తమకుందని ఆ డీడ్‌లోనే స్పష్టంగా రాసుకొని ఉండాలి, లేదంటే లబ్ధిదారులందరూ మేజర్లై ఒప్పుకోవాలి. అప్పుల కోసం పెట్టిన ట్రస్టుల సంగతి వేరు, ఇక్కడ అక్కర్లేదు.

తమ్ముడూ, డీడ్‌లో ఆ ఒక్క వాక్యం వెతుకు. 'మాలో బతికున్నవారు' మార్చవచ్చని ఉంటే అమ్మ చేతిలో పని. 'ఇద్దరం కలిసి' అని ఉంటే ఒకరు పోయాక ఆ అధికారం నిలబడటం కష్టం. అసలేమీ రాయకపోతే సవరణ పత్రం ఉత్త కాగితమే. రిజిస్టర్ అయినంత మాత్రాన లేని అధికారం రాదు.

నర్సంపేట_టు_ఫ్రీమాంట్:
కాలిఫోర్నియాలో ఇలా కాదు. మార్చరాదని రాయకపోతే మార్చుకోవచ్చనే లెక్క. చాలా జంటల డీడ్లలో ఒకరు పోగానే వాళ్ల వాటా విడిగా గట్టిపడిపోతుంది, మిగిలినవాళ్లు తమ వాటానే మార్చగలరు. ఆ లెక్కన అమ్మ ప్లాటైనా అక్కకు ఇవ్వొచ్చు కదా?

పాత_గుమాస్తా:
మనకు తలకిందులు సార్. రాసి ఉంటేనే మార్పు. ట్రస్టులో పెట్టాక ప్లాటు ఆమె చేతిలో ట్రస్టీగానే ఉంటుంది, సొంతానికి కాదు.

హన్మకొండ_చిన్నోడు:
పిల్లాడి తరఫున వదిన సంతకం పెడితే?

పాత_గుమాస్తా:
చాలదు. మైనర్ తరఫున ఒప్పుకోవాల్సింది జిల్లా కోర్టు, సెక్షన్ 11. తండ్రి లేని పిల్లాడి వాటా తగ్గిస్తామంటే ఏ జడ్జి అంత సులువుగా సరే అంటాడు?

గిర్మాజీపేట రమ:
అయితే చూసుకునే బిడ్డకు ఏమీ లేదన్నమాట. చట్టం రాసినోళ్లెవరూ ముసలి తల్లికి సేవ చేసినట్టు లేదు.

పాత_గుమాస్తా:
ఎందుకు లేదమ్మా? సెక్షన్ 58 ప్రకారం మేజరైన లబ్ధిదారు తన వాటా ఇంకొకరికి బదిలీ చేయొచ్చు. చిన్నోడు తన వాటా అక్కకు రాసిస్తే అమ్మ డీడ్ ముట్టుకోనక్కర్లేదు. ఏం తమ్ముడూ, గొడవ లేదన్నావుగా?

హన్మకొండ_చిన్నోడు:
అది మా ఆవిడతో మాట్లాడాలి సార్. డీడ్ తీశా. 'సెటిలర్లు ఇరువురూ సంయుక్తముగా' అని ఉంది, అంటే ట్రస్ట్ పెట్టిన ఇద్దరూ కలిసి అనేగా.

పాత_గుమాస్తా:
అయితే డాక్యుమెంట్ రైటర్‌కు అడ్వాన్స్ ఇవ్వకు. డీడ్ పట్టుకొని ముందు మంచి సివిల్ లాయర్‌ను కలువు. అమ్మను కూడా తీసుకెళ్లు.