డిటెక్టివ్ సీరీస్‌లో హీరో వయసు: పంతొమ్మిదో కథకొచ్చేసరికి లెక్క తప్పింది, ఎలా సర్దాలి?

పందొమ్మిదో కేసు (ప్రశ్న)

ఒకే డిటెక్టివ్‌తో నడుస్తున్న సీరీస్. మొదటి కథ 2006లో జరుగుతుంది. హీరో ఉద్యోగం మానేసిన సి.ఐ., వయసు 46. నాలుగో కథలో 48 అని ఉంది. పదకొండో కథలో "యాభై ఇంకా దాటని మనిషి" అని పడింది. ఇప్పుడు రాయాల్సిన పంతొమ్మిదోది 2025లో జరుగుతుంది. మొదటి కథ లెక్కన ఆయనకి 65 రావాలి, కానీ పదిహేడో కథలోనే ప్రహరీ దూకి దొంగను పట్టుకున్నాడు. అసిస్టెంట్ కుర్రాడైతే 2006లో ఇంజినీరింగ్ మూడో సంవత్సరం, పదహారో కథలో కూడా కాలేజీకే వెళ్తున్నాడు. కామెంట్లలో "ఎన్ని బ్యాక్‌లాగ్స్ బాబూ" అని అడుగుతున్నారు.

ఇంకో తప్పు కూడా ఉంది. రెండో కథలో తూటా తగిలింది ఎడమ మోకాలికి. ఏడో కథలో కుడికాలు కుంటుతున్నాడు.

పేరున్న సీరీస్‌లు ఈ సంగతిని ఎలా నడిపాయి? పాత కథలు దిద్దాలా, ఉన్నవి ఉన్నట్టు వదిలేసి ముందుకు పోవాలా?

---

బేకర్‌వీధి

ముందు కాలు సంగతి. మీరు మంచి జతలోనే ఉన్నారు. షెర్లాక్ హోమ్స్ కథలు చెప్పే వాట్సన్‌కి అఫ్గానిస్తాన్‌లో మైవాండ్ యుద్ధంలో తూటా తగిలింది మొదటి నవలలో భుజానికి, రెండో నవలలో కాలికి. ఆయన పేరు జాన్, కానీ 1891లో వచ్చిన ఒక కథలో భార్య జేమ్స్ అని పిలుస్తుంది. మధ్యపేరు 'హెచ్' అంటే హేమిష్ అయి ఉంటుందనీ, అది జేమ్స్‌కి స్కాటిష్ రూపమనీ డిటెక్టివ్ నవలల రచయిత్రి డొరోతీ సేయర్స్ తరవాత ఒక సమర్థన అల్లింది. రచయిత పొరపాటుకి పాఠకులు వకాల్తా పుచ్చుకోవడం అక్కడ పెద్ద ఆట. దాన్ని నమ్ముకుని మీరు మాత్రం రాయకండి.

ఇక వయసు. కోనన్ డాయిల్ హోమ్స్ వయసుని పెద్దగా ఎక్కడా చెప్పలేదు. 1914 ఆగస్టులో జరిగే 'హిజ్ లాస్ట్ బో' కథలో మాత్రం అరవై ఏళ్ల మనిషి అన్నాడు. ఆ ఒక్క మాటతోనే పాఠకులు పుట్టిన ఏడు 1854 అని తేల్చారు. డాయిల్ అసలు తెలివి వేరేచోట ఉంది. 1904 డిసెంబరులో వచ్చిన కథలో హోమ్స్ రిటైరై ససెక్స్‌లో తేనెటీగలు పెంచుకుంటున్నాడని వాట్సన్‌చేత చెప్పించేశాడు. కథలు ఆ తరవాత 1927 దాకా వచ్చాయి. దాదాపు అన్నీ పాత కేసులే, వాట్సన్ తన రేకుపెట్టెలోంచి తీసి చెబుతున్నవి. ఆ పెట్టె చేరింగ్ క్రాస్‌లో కాక్స్ బ్యాంకులో ఉంటుందని 1922 నాటి కథలో చెప్పాడు. కథ అచ్చయ్యే ఏడూ కథ జరిగే ఏడూ విడిపోతే హీరో ముసలివాడవడు. బాస్కర్‌విల్ వేటకుక్క నవల వచ్చిందీ అలాగే: 1893లో వచ్చిన కథలో జలపాతంలో పడి చచ్చిన హోమ్స్‌ని బతికించకుండానే, 1901లో పాత కేసు అని మొదలుపెట్టాడు.

మీకూ ఇదే వాడండి. పంతొమ్మిదో కథ 2025లోనే ఎందుకు జరగాలి? 2009లో జరిగిందనుకోండి, ఆయనకి 49. మీరు ప్రహరీ దూకించవచ్చు.

జాగ్రత్తపడాల్సింది ఒక్కటే. వెనక్కి వెళ్లి రాసేటప్పుడు తేదీ వేస్తే దాన్ని పాత కథలతో సరిచూడాలి. హోమ్స్ చనిపోయాడని లోకం నమ్మిన కాలం 1891 మే నుంచి 1894 ఏప్రిల్ దాకా. విస్టీరియా లాడ్జ్ కేసు మాత్రం 1892 మార్చి చివర్లో జరిగిందని వాట్సన్ తాపీగా రాశాడు. అప్పటికి లెక్కప్రకారం హోమ్స్ లండన్‌లోనే లేడు!

---

కాగితప్పులి

నాది కొంచెం తేడా అభిప్రాయం. వయసు చెప్పకపోతే చాలు, లెక్క అక్కర్లేదు.

సిమెనోన్ రాసిన పారిస్ పోలీసు అధికారి మెగ్రేని చూడండి. 75 నవలలు, 28 కథలు, 1931 నుంచి 1972 దాకా. పారిస్ మారింది, కార్లు మారాయి, యుద్ధం వచ్చి వెళ్లింది. ఆయన మాత్రం నలభై అయిదు, యాభై అయిదు మధ్యలో పైపు కాలుస్తూ కూర్చున్నాడు. 1934లో సిమెనోన్ అతన్ని రిటైర్ చేసేశాడు కూడా, తరవాత ఏమీ జరగనట్టే ఆఫీసుకి తెచ్చి కూర్చోబెట్టాడు. ఇన్‌స్పెక్టర్ టోరెన్స్ మొదటి నవలలోనే హత్యకి గురవుతాడు. తరవాతి పుస్తకాల్లో బతికే ఉంటాడు, డ్యూటీ చేస్తాడు. ఎవరూ పుస్తకం విసిరికొట్టలేదు.

మన దేశంలో సత్యజిత్ రాయ్ రాసిన బెంగాలీ డిటెక్టివ్ ఫెలూదా కూడా అంతే. 1965లో మొదలైనప్పుడు అతనికి 27, కథ చెప్పే తోప్షేకి 14. ఆ తరవాత పాతికేళ్లకి పైగా కథలు వస్తున్నా తోప్షే పెళ్లీడుకొచ్చిన దాఖలా లేదు. ఒక తమాషా ఉంది. మొదటి కథలో ఫెలూదా తోప్షేకి తల్లివైపు అన్న, అంటే పెద్దమ్మ కొడుకు లెక్క. తరవాత కథల్లో బాబాయి, పెదనాన్నల వరస, ఇంటిపేరూ ఒకటే. ఇంగ్లీషులో చదివినవాళ్లకి ఇది తెలియదు, కజిన్ అంటే అన్నీ సరిపోతాయి. తెలుగులో రాసేవాళ్లకి ఆ సుఖం లేదు. మేనబావ అని ఒకసారి రాస్తే ఇక మేనబావే, లేకపోతే పెళ్లిసంబంధాలే తారుమారు.

కాబట్టి మీ అసిస్టెంట్‌ని ఏ సంవత్సరం చదువుతున్నాడో చెప్పకుండా వదిలేసి ఉండాల్సింది. కొమ్మూరి సాంబశివరావు డిటెక్టివ్ యుగంధర్ పక్కన అసిస్టెంటు రాజుకి ఎన్నేళ్లని ఎవరైనా అడిగారా?

---

లెక్కల పుస్తకం

కాగితప్పులి గారూ, వయసు చెప్పకుండా ఉంటే మీ మాట నిజమే. ఆయన మూడుసార్లు చెప్పేశారు కదా, ఇక ఏళ్లు గడిచినా వయసు కదలని పద్ధతి కుదరదు. పైగా సెల్‌ఫోను, నోట్లు, జిల్లాలు కథలోకి వస్తే సంవత్సరం దానంతటదే బయటపడుతుంది.

వయసు చెప్పి ఇరుక్కున్నవాళ్లలో అందరికంటే పెద్ద అగాథా క్రిస్టీ. ఆవిడ డిటెక్టివ్ పువారో 1920 నాటి మొదటి నవలలోనే రిటైరైన బెల్జియన్ పోలీసు అధికారి. చివరి నవల 1975లో వచ్చింది. ఈ లెక్కన వందా పదేళ్లు ఎప్పుడో దాటేశాడు. అంత ముసలివాడిగా మొదలుపెట్టడం పొరపాటని ఆవిడే తన ఆత్మకథలో ఒప్పుకుంది. చివరి నవలని రెండో ప్రపంచయుద్ధ కాలంలోనే రాసి దాచిపెట్టిందనేది మీకు పనికొచ్చే సంగతి. ముగింపు ముందే చేతిలో ఉంటే మధ్యలో ఎన్ని కథలైనా పెట్టుకోవచ్చు.

నాకు అన్నిటికంటే నచ్చిన పద్ధతి స్యూ గ్రాఫ్టన్‌ది. 'ఎ' అక్షరంతో 1982లో మొదలెట్టి 2017లో 'వై' దాకా 25 పుస్తకాలు రాసింది. కథల్లో మాత్రం 1982 నుంచి 1989 దాకా ఏడేళ్లే గడిచాయి. 84 నెలలకి 24 విరామాలు, అంటే కథకీ కథకీ మధ్య సగటున మూడున్నర నెలలు. దానివల్ల ఆవిడ డిటెక్టివ్‌కి చివరిదాకా సెల్‌ఫోను లేదు, ఇంటర్నెట్ లేదు. లైబ్రరీకి వెళ్లి పాత డైరెక్టరీలు తిరగేయాల్సిందే. క్లూ దొరకడానికి ఆ శ్రమే ఆధారం. మీ 19 కథలూ ఇలా సర్దితే 18 విరామాలు, నాలుగేసి నెలల చొప్పున 72 నెలలు. 2006లో మొదలైంది 2012లో ఆగుతుంది. హీరోకి 52, అసిస్టెంటు చదువైపోయి ఉద్యోగంలో చేరి నాలుగేళ్లు. అడ్డం రెండే: నాలుగో కథలో 48 అన్నదాన్ని 47 చేయండి, పదహారో కథలో అసిస్టెంటుని కాలేజీ మాన్పించి ఉద్యోగంలో పెట్టండి. పదకొండో కథ 2009 చివర్లో పడుతుంది, యాభై దాటలేదన్న మాట నిజమే అవుతుంది!

దీనికి విరుద్ధంగా నడిచింది ఇయన్ రాంకిన్ రాసిన పోలీసు డిటెక్టివ్ రీబస్. నిజకాలం, అంటే బయట ఏళ్లు గడిచినట్టే కథలోనూ గడుస్తాయి. 1947లో పుట్టాడు, 2007లో వచ్చిన నవలలో అరవై దగ్గరపడి రిటైరయ్యాడు. 2012లో పాత కేసుల విభాగంలో, పోలీసు హోదా లేని మామూలు మనిషిగా తిరిగొచ్చాడు. ఒళ్లు సహకరించకపోవడమే అక్కడ కథకి బలం. బెంగాలీ డిటెక్టివ్ బ్యోంకేశ్ బక్షి కూడా ఈ దారే. కేసులో పరిచయమైన సత్యవతిని పెళ్లాడతాడు, కొడుకు పుడతాడు, కలకత్తా అల్లర్లూ స్వాతంత్ర్యమూ కథలోకి వస్తాయి. మీరు 2025లోనే రాస్తానంటే ఈ దారి తీసుకోండి, కానీ ప్రహరీలు మర్చిపోండి.

ఏ దారైనా ఖాతా ఒకటి తప్పదు. కథకి ఒక వరస చొప్పున: అచ్చయిన తేదీ, కథ మొదలైన తేదీ, వారం, ముగిసిన తేదీ, దెబ్బలు (ఏ పక్క అన్నది తప్పనిసరి), చనిపోయినవాళ్లు, హీరో రహస్యం కొత్తగా ఎవరికి తెలిసింది, "ఫలానా కేసులో" అని ఊరికే ప్రస్తావించి చెప్పకుండా వదిలినవి. వయసు గడి పెట్టకండి, పుట్టిన తేదీ ఒక్కటే రాసుకోండి. వయసు రాస్తే ఏటా తప్పుతుంది.

తేదీల లోపల కూడా జారతారు. హోమ్స్ కథల్లోని రెడ్‌హెడెడ్ లీగ్‌లో పేపరు ప్రకటన 1890 ఏప్రిల్ 27ది. దాన్ని చూసి వాట్సన్ సరిగ్గా రెండు నెలల కిందటిది అంటాడు. తలుపుకి మేకుతో కొట్టిన అట్టముక్క మీద లీగ్ రద్దైన తేదీ అక్టోబరు 9. ఒకసారి వెనక్కి చూసుకుంటే దొరికే తప్పు అది. వారం క్యాలెండరులో చూడండి, తిథి పంచాంగంలో చూడండి. దీపావళి రాత్రి వెన్నెల్లో శవం కనిపించిందని రాస్తే తెలుగు పాఠకుడు అక్కడే ఆగిపోతాడు.

---

పందొమ్మిదో కేసు

నాలుగు నెలల లెక్క బాగుంది, 2012లో ఆపేస్తాను. అయితే పదమూడో కథలో తెలంగాణ వచ్చేసినట్టు రాశాను. పదిహేనులో యూపీఐ ఉంది. ఇలాంటివి ఇంకా ఏం వెతకాలి?

---

ఠాణా రైటర్

2012లో ఆపితే కింద చెప్పిన మార్పులేవీ కథలో కనబడకూడదు. ఆపకుండా ముందుకు వస్తే ఇవే మీ క్లూలు.

బండి నంబరు. 2014 జూన్ 2 ముందు తెలంగాణ బండికి కూడా ఏపీనే. తరవాత టీఎస్, 2024 మార్చి నుంచి కొత్తవాటికి టీజీ. పాతవి పాత నంబరుతోనే తిరుగుతాయి కాబట్టి ఇప్పటికీ హైదరాబాద్ రోడ్డు మీద ఏపీ 09 కనిపిస్తే వింత కాదు. "ఏపీ 31, వైజాగ్ బండి" అని హీరో తేల్చడం పాత బళ్లకే చెల్లుతుంది. ఆంధ్రలో 2019 నుంచి కొత్త బళ్లకి జిల్లా నంబరు పోయింది, రాష్ట్రమంతటికీ ఏపీ 39 అని మొదలైంది.

జిల్లాలు. తెలంగాణలో పది జిల్లాలు 31 అయింది 2016 అక్టోబరు 11న, 33 అయింది 2019లో. ఆంధ్రలో 13 నుంచి 26 అయింది 2022 ఏప్రిల్ 4న. కేసు ఏ ఎస్పీ కిందికొస్తుందన్నది దీన్నిబట్టే.

డబ్బు. 2016 నవంబరు 8 తరవాత వెయ్యినోటు చెలామణిలో కనిపిస్తే తప్పు. కిడ్నాపు కథల్లో సంచి కూడా చూసుకోండి. కోటి రూపాయలు అయిదొందల నోట్లలో అంటే 20,000 నోట్లు, 200 కట్టలు, బరువు ఇరవై కిలోలు పైనే. దాన్ని చంకలో పెట్టుకుని రైలు దూకించకండి. వెయ్యినోట్ల రోజుల్లో అయితే సగం కట్టలే.

సెక్షన్లు. 2024 జూలై 1 తరవాత జరిగిన హత్యకి ఐపీసీ 302 కాదు, భారతీయ న్యాయ సంహితలో 103. ఎఫ్‌ఐఆర్ పాత సీఆర్‌పీసీలో 154, ఇప్పుడు భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 173, శవ పంచనామా పాత 174 ఇప్పుడు 194. ఎక్కువమంది తప్పేది ఇక్కడ: 2019లో చంపి పాతిపెట్టిన శవం 2025లో బయటపడితే నేరం పాత 302 కిందే, దర్యాప్తు పద్ధతి మాత్రం కొత్త సురక్షా సంహిత ప్రకారం. కథలో ఈ రెండూ ఒకే కాగితం మీద కనబడితే తెలిసిన పాఠకుడు లోపల మెచ్చుకుంటాడు.

సర్వీసులో ఉన్న స్నేహితుడు ఎవరైనా ఉంటే ఆయన్నీ చూసుకోండి. 1961లో పుట్టిన ఎస్.ఐ. తెలంగాణలో 58కే, అంటే 2019లో దిగిపోతాడు. 61కి పెంచింది 2021లో. ఆంధ్రలో 60కి 2021లో దిగుతాడు, 62 అయింది 2022 జనవరి నుంచి. రెండు పెంపులూ అతని తల మీంచి వెళ్లిపోయాయి. 2023 కథలో అతన్ని జీపెక్కించాలంటే కుదరదు.

---

బేకర్‌వీధి

పాత కథలు దిద్దేటప్పుడు ఇంకొకటి కూడా చూడండి. పాత కేసుని ప్రస్తావించినచోట హంతకుడి పేరు చెప్పేశారేమో. క్రిస్టీ 1937 నాటి డంబ్ విట్‌నెస్‌లో ఒకేచోట నాలుగు పాత నవలల హంతకుల పేర్లు పువారోచేత వరసగా చెప్పించింది. అందులో రోజర్ ఆక్‌రాయిడ్ కూడా ఉంది! వరస తప్పి చదివినవాడికి నాలుగు పుస్తకాలు వృథా. కేసుని ఊరు పేరుతోనో, దొరికిన వస్తువు పేరుతోనో పిలవండి. "భీమిలి లాంతరు కేసు" అంటే పాతవాళ్లకి గుర్తొస్తుంది, కొత్తవాళ్లకి ఏమీ తెలియదు.

మోకాలు మాత్రం ఏడో కథలో దిద్దేయండి. రెండో కథలో తూటా దిగిన తీరు మీద దర్యాప్తు నడిచింది కాబట్టి దాన్ని కదిపితే చాలా మార్చాలి. ఏడులో ఒక్క పదమే.