పాప మొదటి పుట్టినరోజు, 120 మందికి శనివారం సాయంత్రం భోజనాలు: ఏం పెట్టమంటారు?

కావలి నుంచి పాప అమ్మ:

అందరికీ నమస్తే. మే నెలలో మా పాపకు ఏడాది నిండుతుంది, ఆ రోజు శనివారం పడింది. ఇంటి ముందే షామియానా వేసి సాయంత్రం చేద్దామనుకుంటున్నాం. మొత్తం 120 మంది, అందులో పిల్లలే నలభై మంది దాకా ఉంటారు. చికెన్ బిర్యానీ పెడితే ఒక్కదానితో అయిపోతుంది అని మా ఆయన, మన వాళ్లలో సగం మంది శనివారాలు చేసేవాళ్లే, ఎట్టా పెడతారు అని మా అత్తమ్మ. ఇద్దరి మాటా నిజమే. పైగా ఈ ఎండలకి ఏది రాత్రి దాకా పాడవకుండా ఉంటుందో అని ఒకటే టెన్షన్. అందరి తిండి గురించీ మాట్లాడుకుంటున్నాం గానీ ఆ పూట పాప ఏం తింటుందో ఎవరూ అనడం లేదు, తనకింకా నాలుగు పళ్లే వచ్చాయి. చేసినవాళ్లు చెప్పండి.

కోవూరు నుంచి:

చెల్లీ, మీ అత్తమ్మ మాట వినండి. మా బాబుకీ శనివారమే వచ్చింది, మేం రెండు రకాలూ పెట్టాం. ఆ గరిటె ఇటు వచ్చిందేమో అన్న అనుమానంతో మా పిన్నమ్మ వాళ్లు ఉత్త పెరుగన్నం తిని లేచారు, నాకు ఇప్పటికీ బాధే. పులిహోర, అన్నం, ముద్దపప్పు, నెయ్యి, కొత్తావకాయ, గుత్తొంకాయ కూర, సాంబారు, గడ్డపెరుగు, అప్పడాలు, ఒక స్వీటు చాలు. పిల్లలకి ఉర్లగడ్డ వేపుడు, ఇడ్లీ పెట్టండి, కారం తక్కువగా. చేపల పులుసు ఆదివారం మధ్యాహ్నం, ఉండిపోయిన దగ్గరి వాళ్లకు. పొద్దున్నే కాచి దించేస్తే భోజనాల వేళకి ముక్కకి పులుసు పడుతుంది, మామిడికాయ ముక్కలు మాత్రం మర్చిపోవద్దు.

ఇంకోటి. మేం బంధువుల కోసం చూసి చూసి తొమ్మిదింటికి కేక్ కోశాం, అప్పటికి పిల్లలు సగం మంది తినకుండానే నిద్రపోయారు. ఎవరొచ్చినా రాకపోయినా ఏడింటికి పిల్లల బంతి వేసేయండి.

ఒంగోలు నుంచి:

మా నాన్న వంటమాస్టర్, నేనూ ఆయనతో వెళ్తుంటాను. ఇద్దరు పిల్లల్ని ఒక ఆకు కింద లెక్కేస్తే మీకు నూరు ఆకులు. పులిహోరకి 4 కిలోలు, తెల్లన్నానికి 8 కిలోల బియ్యం, పప్పుకీ సాంబారుకీ కలిపి 3 కిలోల కందిపప్పు, పెరుగు 12 లీటర్లు. పులిహోర చింతపండుతోనే చేయించండి, నిలవ ఉంటుంది. నిమ్మకాయల మార్కెట్లున్న గూడూరు, పొదలకూరు మన పక్కనే ఉన్నా ఎండాకాలం నిమ్మకాయల ధర తెలిసిందే కదా. కొబ్బరి రుబ్బి వేసే కూరలు, కొబ్బరి చట్నీ వద్దే వద్దు, ఈ వేడికి ముందు పాడయ్యేవి అవే. పెరుగు ముందురోజు రాత్రి కాకుండా ఆ రోజు పొద్దున తోడు పెట్టించండి, లేకపోతే వడ్డించే వేళకి పులిసిపోతుంది. అన్నం ఒకేసారి వండించకండి, రెండో వాయి కేక్ కోశాక దించితే చివరి బంతికి కూడా వేడిగా అందుతుంది. సరుకులు మీవి, కూలి వంటవాళ్లది అయితే ఖర్చు తగ్గుతుంది, కానీ పొయ్యి దగ్గర ఇంటి మనిషి ఒకరు ఉండాలి. అట్లా ఎవరూ లేకపోతే ప్లేటు లెక్కన ఇచ్చేయడమే మంచిది.

నెల్లూరు నుంచి:

నేను పిల్లల వార్డులో నర్సుని. పాపకు ఆ రోజు కొత్త తిండి ఏదీ అలవాటు చేయకండి. ఆరు గంటలకల్లా లోపల కూర్చోబెట్టి, రోజూ తినేదే, పెసరపప్పు మెత్తగా ఉడికించి అన్నంలో కలిపి నెయ్యి వేసి పెట్టేయండి. కేక్ కోసేటప్పుడు మీరు ఒక్క ముక్క నోటికి తాకిస్తే చాలు, తర్వాత వరసపెట్టి ప్రతి ఒక్కరూ క్రీము పెట్టబోతారు, మొహమాటం లేకుండా వద్దనండి. ఏడాది నిండేదాకా తేనె అస్సలు నాకించకూడదు, ఇది పెద్దవాళ్లకి ముందే చెప్పి ఉంచండి. పాప్‌కార్న్, వేరుశనగ గింజలు, కోయని ద్రాక్షపళ్లు చిన్నపిల్లల గొంతులో అడ్డం పడతాయి, పాప్‌కార్న్ స్టాల్ మాట్లాడి ఉంటే దయచేసి మానుకోండి. పగిలిన బెలూన్ ముక్కలు కూడా వెంటనే ఏరేయించండి.

పాప అమ్మ:

అందరికీ చాలా చాలా థ్యాంక్స్. మా ఆయనకి చదివి వినిపించాను, ఆదివారం చేపల పులుసు అనగానే శనివారం శాకాహారానికి ఒప్పుకున్నారు. పాప్‌కార్న్ మాట్లాడాం నిజమే, ఇప్పుడే ఫోన్ చేసి వద్దన్నాను. ఒంగోలు అన్నా, బియ్యం మా పొలంవే, పోయినేటివి, అయినా 12 కిలోలు పెట్టమంటారా?

ఒంగోలు నుంచి:

పాత బియ్యమైతే అన్నం బాగా ఒదుగుతుందమ్మా. తెల్లన్నానికి 7 కిలోలు పొయ్యండి, ఒక కిలో కడగకుండా పక్కన ఉంచుకోండి.